చీటీ లేని గడియారం

ఆ ఉదయం కోర్టు అమీనా వేసుకున్న పథకం చాలా చిన్నది. గడియారాలు బాగుచేసే ఆయన కొట్టుకు వెళ్ళి, కట్టని బాకీ కింద సామాను జప్తు చేసి, మధ్యాహ్నానికి ఇంటికి చేరి ఓ కునుకు తీయాలి. ముప్ఫై ఏళ్ళుగా పరాయివాళ్ళ బీరువాలు మోయించిన మనిషికి ఇది చిటికెలో పని. దారిలో చేతి గడియారం ఆగిపోవడం ఒక్కటే ఆయన అనుకోనిది.

కొట్టులో గోడలనిండా గడియారాలే. ఒకదానికి ఎనిమిది, పక్కదానికి రెండుంబావు, పైదానికి పన్నెండు. వాటి అద్దాల మీద పడ్డ ఎండ గుండ్రటి మచ్చలై కప్పు మీద మెల్లగా ఈదుతోంది. అడుగుపెట్టగానే తనెందుకొచ్చాడో అమీనా ఒక్క క్షణం మరిచిపోయాడు.

"ఇవన్నీ నీవేనా?" అన్నాడు తేరుకుని.

"రిపేరుకొచ్చినవండి. ఎవరిదో, ఎంతివ్వాలో చీటీ మీద ఉంటుంది. ఇచ్చిపోతారు, తీసుకెళ్ళడం మరిచిపోతారు," అన్నాడు కొట్టాయన.

"అయితే చీటీ ఉన్నది పరాయిది, లేనిది నీది. అలాగే రాసుకుంటున్నా."

అమీనా, కొట్టాయన, అప్పుడే లోపల్నుంచి వచ్చిన అతని భార్య, ముగ్గురి చూపులూ మూలనున్న నిలువెత్తు లోలకం గడియారం మీదికి వెళ్ళాయి. దానికి చీటీ లేదు.

"అది మా మామగారు సొంతంగా చేసింది అన్నయ్యగారూ," అంది కొట్టాయన భార్య. "ఆయన పోయాక మాకు ఆయన గొంతులా వినిపించేది అదొక్కటే. రోజూ పొద్దున్నే కీ ఇస్తాను." ఆమె కళ్ళు నిండాయి.

అమీనాకు మనసు చివుక్కుమంది. "నా చేతుల్లో ఏముందమ్మా," అని తన చేతి గడియారం విప్పిచ్చాడు. "పనిలో పనిగా దీన్ని చూడమను."

ఆమె చీటీ తీయబోయింది.

"నాకెందుకమ్మా చీటీ? ఇక్కడే కూర్చుంటాగా!"

పడక్కుర్చీలో వాలి ఒక్కొక్క చీటీ చదవసాగాడు. ఇంతలో ఒక టీచరమ్మ తన అలారం ఏమైందో కనుక్కోవడానికి వచ్చింది. "జప్తులో కలిసిపోకముందే డబ్బు కట్టి పట్టుకుపోండి," అని ఆవిణ్ణి హెచ్చరించాడు.

ఆ మాట కొట్టు దాటింది. వీధి మలుపుకు వెళ్ళేసరికి "సాయంత్రం గడియారాలన్నీ వేలం" అయింది. బజారు చేరేసరికి "రిపేరు డబ్బులు ఎగ్గొట్టినవాళ్ళ పేర్లు కోర్టు రాసుకుంటోంది" అయింది. ఏళ్ళ తరబడి మొహం చూపించని ఖాతాదారులు చెప్పులు చేతబట్టుకుని పరుగెత్తుకొచ్చారు.

అమీనా మాత్రం వంద టిక్కుటిక్కుల జోలపాటలో హాయిగా నిద్రపోయాడు. కలలో గడియారాలన్నీ ఒకదాని వెనక ఒకటి గుమ్మం దాటి వెళ్ళిపోతున్నాయి. వెళ్తూ వెళ్తూ ఆయనకు నమస్కారం పెడుతున్నాయి. ఆయన కూడా చెయ్యి ఊపి పంపించాడు.

లోలకం గడియారం అయిదు కొట్టింది. కళ్ళు తెరిచేసరికి గోడలు బోసిగా ఉన్నాయి. కొట్టాయన ఎదుట నోట్ల కట్ట పట్టుకుని నిలబడ్డాడు.

"బాకీ అండి. కాస్త తగ్గింది. వారంలో ఇచ్చేస్తాను."

అమీనా లెక్కపెట్టాడు. "పూర్తిగా కడితేనే డిక్రీ తీరినట్టయ్యా. లేకపోతే ఆ లోలకం గడియారాన్ని మోయించక తప్పదు."

కొట్టాయన లోలకం పెట్టె మీద చెయ్యి వేసి తల వంచుకున్నాడు. ఆ తల చూడలేక అమీనా తన మణికట్టు వైపు చూసుకున్నాడు.

"ఇంతకీ నా గడియారమేదీ?"

"అది జప్తులో ఉందండి," అంది భార్య ఎంతో మర్యాదగా. "చీటీ లేనివన్నీ మావేనని మీరే రాశారు. కింద సంతకం కూడా మీదే."

అమీనా కాగితం చూసుకున్నాడు. అక్షరాలా నిజం.

"అయితే ఇప్పుడు చీటీ రాయి తల్లీ!"

ఆమె రాసి కట్టింది. చదివిన అమీనా కనుబొమలు నెత్తికెక్కాయి. "ఇంతా?"

"స్ప్రింగు మార్చాం అన్నయ్యగారూ."

సరిగ్గా బాకీలో తగ్గినంత. పైసా ఎక్కువ లేదు, తక్కువ లేదు. అమీనా ఆమెను చూశాడు, లోలకాన్ని చూశాడు, నిట్టూర్చి పర్సు తీశాడు. ఆమెకిచ్చిన డబ్బే ఆమె భర్త చేతి మీదుగా మళ్ళీ తన చేతికొచ్చింది.

కోర్టుకిచ్చిన రిపోర్టులో ఆయన ఒక్కటే వాక్యం రాశాడు: "బాకీ మొత్తం అమీనా దగ్గరుండి వసూలు చేయడమైనది."