సౌండు పోయిన సీను

మనిషి కోరి తెచ్చుకున్న నిశ్శబ్దానికీ, తీగ తెగి వచ్చిన నిశ్శబ్దానికీ తేడా వినేవాడికి ఎలా తెలుస్తుంది? ఆ ఉదయం గాంధీనగర్‌లో ఇడ్లీ తింటూ లక్ష్మీకాంత్ తనకు తానే వేసుకున్న ప్రశ్న ఇది. జవాబు తోచలేదు. చట్నీ మాత్రం బాగుంది.

ఇరవై ఏళ్లు అతను సినిమాలకు శబ్దాలు కూర్చాడు. హీరో కొట్టిన ప్రతి చెంపదెబ్బా నిజానికి లక్ష్మీకాంత్ బండకేసి కొట్టిన తడి తువ్వాలే. ఏ దర్శకుడూ తగ్గించమనలేదు, అందరూ పెంచమన్నవాళ్లే. పెంచీ పెంచీ విసిగి, చివరికి తన సినిమా తానే తీశాడు. పెళ్లి కుదిరిన కొడుకును కృష్ణలో పోగొట్టుకున్న ఒక తల్లి కథ. చివర ఆమె నాగాయలంక రేవులో నిలబడుతుంది. గాలి, నీళ్లు, కాకులు, అన్నీ ఆగిపోతాయి. బొమ్మ ఉంటుంది, శబ్దం ఉండదు. ఆ ఒక్క సీను కోసమే అతను దర్శకుడయ్యాడు.

సినిమాను కొనేముందు ఒకసారి చూడడానికి పంపిణీదారు వెంకటసుబ్బారావు ఆ రోజు వస్తున్నాడు. మిగిలినవాళ్లందరూ ఇదివరకే కాదన్నారు. ఈయన కూడా కాదంటే సినిమా డబ్బాలోనే ఉండిపోతుంది.

లక్ష్మీకాంత్ ముందుగానే థియేటరుకు వెళ్లాడు. ఆపరేటర్ పేరయ్య ఇంకా రాలేదు. మేనేజరు మాణిక్యానికి ఆ నిశ్శబ్దం ఎందుకో, దాని అంతరార్థమేమిటో వివరంగా చెప్పి, పేరయ్యకు చెప్పమన్నాడు. మాణిక్యం శ్రద్ధగా విన్నాడు. పేరయ్య రాగానే సారాంశం అందించాడు.

"చివర్లో సౌండుతో ఏదో ఇబ్బందంట. కాస్త చూసుకో."

నిర్మాత రాంబాబుది కైకలూరులో చేపల వ్యాపారం. హాలు ఖాళీగా ఉంటే కొనేవాడికి నమ్మకం కుదరదని బంధువులందరినీ బస్సులో దింపాడు. సినిమా సాఫీగా నడిచింది. రేవు సీను వచ్చింది. శబ్దం ఆగింది. హాలు ఊపిరి బిగపట్టిందని లక్ష్మీకాంత్ సంతోషించేలోపే, రాంబాబు మేనత్త సీతారావమ్మ గొంతు లేచింది.

"ఒరే రాంబాబూ, సౌండు పోయిందిరా."

ఈ ప్రాంతంలో సౌండు పోతే ప్రేక్షకుడికి ఒక ధర్మం ఉంది. ఈల వేయాలి, కుర్చీ చెయ్యి బాదాలి, ఆపరేటర్‌ను అతని వంశంతో సహా తలుచుకోవాలి. అందరూ ఆ ధర్మాన్ని పాటించారు. లక్ష్మీకాంత్ లేచి, శబ్దం పోలేదనీ, తానే తీసేశాననీ చెప్పబోయాడు. అతని నీడ తెర మీద పడింది. ముందు కూర్చోమని అరిచారు.

పైన పేరయ్య, హెచ్చరిక అందినవాడు కనుక, సిద్ధంగానే ఉన్నాడు. వాల్యూమ్ చివరిదాకా తిప్పాడు. తీగలు పీకి మళ్లీ పెట్టాడు. ఫలితం లేక, సినిమాను వెనక్కి జరిపి మళ్లీ వేశాడు. ఈసారి ఆ తల్లి గాజులు పిడుగుల్లా మోగాయి. హాల్లో ఒక పసిపిల్ల గుక్కపెట్టి ఏడ్చింది. ఆపైన మళ్లీ నిశ్శబ్దం. లక్ష్మీకాంత్ మెట్లెక్కి వెళ్లేసరికి బూత్ తలుపు లోపల గడియ వేసి ఉంది. ఇలాంటప్పుడు పైకి వచ్చేవాళ్లు ఎందుకొస్తారో పేరయ్యకు అనుభవమే. తలుపు మోగేకొద్దీ కంగారుపడి, చేతికి అందింది వేశాడు. రోజూ ఆటకు ముందు తెర లేచేటప్పుడు వేసే సన్నాయి అది.

ఏటి ఒడ్డున నిలబడిన తల్లి మీద పెళ్లి సన్నాయి మోగింది. హాలు సద్దుమణిగింది. సీతారావమ్మ ముక్కు చీదింది.

లైట్లు వెలిగాక వెంకటసుబ్బారావు కళ్లు తుడుచుకుంటూ వచ్చి లక్ష్మీకాంత్ చేతులు పట్టుకున్నాడు.

"కొడుక్కి జరగని పెళ్లి, ఆ తల్లి చెవుల్లో జరుగుతోందన్నమాట. ఎంత దూరం ఆలోచించారండీ."

"అది నేను పెట్టింది కాదండీ. అక్కడ ఏమీ ఉండకూడదు."

"గొప్పవాళ్లు ఇలాగే అంటారు. సినిమా నేను తీసుకుంటున్నాను. సన్నాయి తీసేస్తే మాత్రం తీసుకోను. దానికి ముందు సౌండు పోతోంది చూశారూ, ఆ ముక్క బాగుచేయించండి."

వెనక నుంచి రాంబాబు చొక్కా లాగుతున్నాడు. లక్ష్మీకాంత్ తలూపాడు.

తర్వాత బూత్‌కు వెళ్లి, సినిమాలో శబ్దం కింద పేరయ్య పేరు వేస్తానన్నాడు. పేరయ్య బెదిరిపోయాడు.

"వద్దండి బాబూ. సౌండు పోయిన సినిమాకి నా పేరేస్తే, రేపు నాకు పనెవరిస్తారండి?"

ఆ వాదనలో లక్ష్మీకాంత్‌కు లోపమేమీ కనబడలేదు. మెట్ల మీద నిలబడే ఎడిటర్ ఉషశ్రీకి ఫోన్ చేశాడు. రేవు సీనులో సన్నాయి పెట్టమన్నాడు. శబ్దం కింద తన పేరు ఇప్పుడే తీసేయమన్నాడు.

"తీసేశానండీ. దర్శకత్వం దగ్గర కూడా తీసేయమంటారా?"

లక్ష్మీకాంత్ ఏమీ అనలేదు. సిగ్నల్ పోయిందనుకుని ఆమె ఫోన్ పెట్టేసింది.