ఒక గంట ఊరికే

ఆదివారం పొద్దున, భార్య డ్యూటీకి వెళ్లగానే, దర్జీగారు గట్టి నిర్ణయం తీసుకున్నారు. ఆయన తొమ్మిదేళ్ల కూతురి చేతిలో ట్యాబు, ఎదురుగా టీవీ ఉంటాయి. నోట్లో మాత్రం రోజుకి నలభైసార్లు ఒకటే మాట: "నాన్నా, బోర్ కొడుతోంది!" ఆ పిల్ల తనతో వేరే మాట మాట్లాడి ఎన్నాళ్లయిందో గుర్తులేక ఆయనకి బెంగ పట్టుకుంది.

"ఒక గంట మనిద్దరం ఊరికే ఉందాం" అంటూ తన ఫోను, దాని ట్యాబు కుట్టుమిషను సొరుగులో పెట్టి తాళం వేశారు.

"ఊరికే ఉండటం ఎలా చేస్తారు నాన్నా?"

అది దర్జీగారికీ తెలియదు. వీధి తలుపు గడియ పెట్టి, నేల మీద, కుట్టడానికి కత్తిరించిన ఎర్ర మఖమల్ ముక్కల మధ్య ఇద్దరూ వెల్లకిలా పడుకున్నారు.

"పైకప్పు మీద ఆ మరక చూడు నాన్నా, అత్త ముక్కులా లేదూ?"

"మీ అత్తదే కాస్త నయం."

ఇద్దరూ కడుపు పట్టుకుని నవ్వారు. నవ్వి నవ్వి నిద్రపోయారు.

అక్కడ తన ఇంటినుంచి ఆ అత్తే ఫోను చేస్తోంది. రెండో రింగుకే ఎత్తే తమ్ముడు పదకొండుసార్లు చేసినా ఎత్తలేదు. గుండె గుభేలుమని ఎదురింటి నర్సుకి చేసింది. రాత్రంతా డ్యూటీ చేసొచ్చిన ఆ నర్సు నిద్రకళ్లతో వచ్చి దర్జీగారి కిటికీలోంచి తొంగిచూసింది. ఇద్దరు మనుషులు, చుట్టూ ఎరుపు. ఆమె పెట్టిన కేకకి వీధి వీధంతా వచ్చింది. అత్త ఏడుస్తూ ఆటో దిగేసరికి వడ్రంగి తలుపు విరగ్గొట్టేశాడు.

పిల్ల కళ్లు తెరిచింది. పైన అత్త ముఖం. "నాన్నా, అచ్చం మరకే!"

"ఫోను ఎత్తకుండా ఏం చేస్తున్నావురా?"

"ఏమీ చెయ్యట్లేదక్కా."

ఒక్కరూ నమ్మలేదు.

"నాకివాళ బోరే కొట్టలేదు" అంది పిల్ల.

"మరి రోజూ ఎందుకే ఆ గోల?" అన్నారు దర్జీగారు.

"ఉత్తినే పిలిస్తే ఒక్క నిమిషం అంటావు. బోర్ అంటే ఫోను పక్కన పెట్టి తిడతావుగా!"

దర్జీగారు పిల్లని దగ్గరికి లాక్కున్నారు. సొరుగులో ఫోను మళ్లీ మోగింది. ఆయన లేవలేదు.

కొత్త తలుపు చెయ్యడానికి వడ్రంగికి వారం పట్టింది. ఆ వారమంతా సాయంత్రాలు తండ్రీకూతుళ్లు గుమ్మంలో ఊరికే కూర్చున్నారు. అడిగినవాళ్లకి, ఇంటికి కాపలా కాస్తున్నామని చెప్పారు.