లేని మేనమామకు సంతాపం

ఆ పూట హెడ్‌క్లర్కు ప్లాను చిన్నదే. ఆఫీసుకు వెళ్లడం, సాయంత్రం పెందలాడే ఇల్లు చేరడం, కూతురితో కలిసి యానిమే, అంటే జపాను బొమ్మల సీరియలు, చివరి ఎపిసోడు చూడటం.

"నేను లేకుండా చూశావో, ఇక నీతో మాటల్లేవ్ నాన్నా!" అంది కూతురు.

"ఒట్టు తల్లీ!"

కాలేజీలో చేరాక ఆ పిల్ల తండ్రితో మాట్లాడటమే మానేసింది. ఈ యానిమేలోని గూఢచారి పుణ్యమా అని గూడు చేరిన గువ్వలా మళ్లీ సోఫాలో పక్కన కూచుంటోంది. కథలో ఏజెంటు పైకి గడియారాలు బాగుచేసే ముసలాయన. లోపల దేశాన్ని కాపాడే మొనగాడు. పైకీ లోపలా కూడా హెడ్‌క్లర్కే అయిన మనిషికి అలాంటి కథ నచ్చకేం చేస్తుంది?

భోజనాల వేళకల్లా ఒట్టు ఒట్టిపోయింది. 'మొదటి రెండు నిమిషాలే' అని ఫోను తెరిచినవాడు, ఏజెంటు వంతెన మీద ప్రాణం వదిలేసరికి టిఫిను డబ్బా మీద పడి వెక్కివెక్కి ఏడుస్తున్నాడు.

"అయ్యో, ఏమైందండీ?" క్యాషియరమ్మ పరుగెత్తుకొచ్చింది.

బొమ్మల కథకు ఏడ్చానని చెప్పడానికి నోరు రాలేదు. "మా... మేనమామ పోయాడండీ."

"ఎలాగండీ?"

మేనమామే లేనివాడికి ఆయన చావెక్కడ దొరుకుతుంది? చేతికందిందే వాడేశాడు. "వంతెన మీద. శిష్యుణ్ణి కాపాడబోయి... గడియారాలు బాగుచేసేవాడండీ. పైకి తెలియదు గానీ, లోపల ఎంత గొప్పవాడో!"

సాయంత్రం "వద్దు సార్, నేనే వెళ్తా" అంటున్నా వినకుండా మేనేజరు తన కారెక్కించుకున్నాడు. వెనక సీట్లో క్యాషియరమ్మ, ఆమె ఒళ్లో పూలగుత్తి. సంతాపమంటే సగం తాపం, సగం పాపం అని హెడ్‌క్లర్కుకు దారి పొడవునా తెలిసొచ్చింది.

కూతురు తలుపు తీసింది. మేనేజరు గొంతు సవరించుకున్నాడు. "ధైర్యంగా ఉండమ్మా. గడియారాలు బాగుచేసే మీ తాతయ్య, వంతెన మీద శిష్యుణ్ణి కాపాడుతూ పోయారట."

ఆ పిల్ల తండ్రి వంక చూసింది. హెడ్‌క్లర్కు తల చెప్పుల స్టాండుదాకా దిగిపోయింది. 'ఆ తాతయ్యెవరు?' అని ఒక్క ముక్క అందంటే రేపు ఆఫీసులో ఆయన ముఖం చూసేవాడుండడు.

అనలేదు. "తాతయ్యా!" అంటూ బావురుమంది. ముక్కు ఎర్రబడింది, వెక్కిళ్లు ఆగలేదు. క్యాషియరమ్మ కూడా కళ్లొత్తుకుంది. మేనేజరు నిలుచున్న పళంగా వారం సెలవిచ్చేసి, క్యాషియరమ్మను తీసుకుని వెళ్లిపోయాడు.

తలుపు పడగానే హెడ్‌క్లర్కు చేతులు జోడించాడు. "బతికించావు తల్లీ! ఏం నటనే! ఆ ఏజెంటు కూడా నీ ముందు దిగదుడుపే!"

"నటనేంటి నాన్నా?" ముక్కు చీదుకుంటూ అంది కూతురు. "ఆయన చచ్చిపోతాడని నాకు ఇప్పుడేగా తెలిసింది!"

గదిలోకి వెళ్లి తలుపేసుకుంది. హెడ్‌క్లర్కు ఒళ్లో పూలగుత్తితో సోఫాలో ఒక్కడే మిగిలాడు.

వారం పాటు ఆ ఇంట్లో మాటల్లేవ్. సంతాప సెలవు ఒక్క రోజు కూడా వృథా పోలేదు.