బోర్డు మీద నా పేరు

ధర్మవరంలో మా చీరల అంగడి పేరు పద్మావతమ్మ సిల్క్స్. పద్మావతమ్మ మా అత్త. నా పేరు వేణుగోపాల్. ఈ సంగతి మా ఊళ్లో నాకూ నా ఆధార్ కార్డుకూ తప్ప ఎవరికీ తెలియదు.

పెళ్లయిన కొత్తలో ఇల్లరికం వచ్చి ఆ అంగట్లో కూర్చున్నాను. అప్పట్నుంచి జనం నన్ను అంగడి పేరుతోనే పిలుస్తారు. మొన్న ఒక పెళ్లికి పోతే మైకులో, "పద్మావతమ్మ గారు వచ్చి వధూవరులను ఆశీర్వదించాలి" అన్నారు. అంగడి మాకు వదిలి గుత్తికి మారిన మా అత్త ఆ రోజు అక్కడే, తన ఇంట్లో ఉంది. నేనే లేచి పోయి అక్షింతలు వేసి వచ్చాను. ఒక్కరూ నవ్వలేదు. అదే నాకు గుచ్చుకుంది.

ఇక లాభం లేదు, నా పేరుతో కొత్త బోర్డు వేయించాలనుకున్నాను. మా ఆవిడ హేమావతికి ముందే చెబితే వాళ్లమ్మ పేరు తీయనివ్వదు. తగిలించాక చెబితే దింపమనదు. ఇదీ నా లెక్క. ఫోనులో వెతికితే అనంతపురంలో ఒక డిజైన్ స్టూడియో దొరికింది. మాట్లాడితే రమ్మన్నారు.

"యాడికి పోతాండావు పొద్దున్నే?" అంది హేమావతి.

"అనంతపురానికి. పన్ను నొప్పి."

"ధర్మవరంలో పండ్ల డాక్టర్లు లేరా?"

"ఇది పెద్ద పన్ను."

ఆమె నన్ను ఒకసారి పైనుంచి కిందికి చూసి, గొడుగు చేతికిచ్చింది. మా జిల్లాలో గొడుగు వానకు కాదు, ఎండకు.

స్టూడియో పేరు 'ఊహ'. లోపల చలి. కుర్చీ ఏదని అడిగితే శెనక్కాయల మూట లాంటిది ఒకటి చూపించారు. కూర్చున్నాను. కూర్చున్నాననడం కంటే దిగబడ్డాననడం నిజం. మోకాళ్లు చెవుల దాకా వచ్చాయి. ఆ భంగిమలోనే నా గౌరవం కోసం పోరాటం మొదలుపెట్టాను.

డిజైన్లు గీసే అమ్మాయి పేరు హరిత.

"సార్, మీ అంగడి ఒక మనిషి అనుకోండి. జనంతో ఏం మాట్లాడుతుంది?"

"ఒకటే రేటు, బేరం లేదంటాదమ్మా."

"కస్టమర్లు రాంగానే ఎవర్ని అడుగుతారు?"

"మా ఇంటామెను."

"ఏ అంచుకు ఏ రంగో నేసేవాళ్లకు ఎవరు చెప్తారు?"

"ఆమెనే."

"మరి మీరు సార్?"

కాస్త ఆలోచించాను. "విప్పిన చీరలన్నీ మళ్లీ మడత పెడతా."

హరిత ఒక్క క్షణం నా వైపు చూసింది. పిల్ల మంచిది. "అది కూడా కష్టమే సార్" అంది.

బోర్డుకు సగం దాకా నా ఫోటో ఉండాలని, మీసం ఏమాత్రం తగ్గకూడదని గట్టిగా చెప్పాను. నమూనాలు వాట్సాప్‌లో పంపుతాం, నంబరు చెప్పమంది. వచ్చినోళ్లందరికీ అంగడి నంబరు చెప్పి చెప్పి అరిగిన నోరు కదా, అదే చెప్పేసింది. అంగడి ఫోను ఎప్పుడూ హేమావతి చేతిలో ఉంటుందన్న సంగతి ఆ చలిలో తట్టలేదు.

సాయంత్రం ఇంటికొస్తే వీధి చివరికే బెల్లం పూర్ణం ఓళిగల వాసన. కాళ్లు కడుక్కుని కూర్చుంటే నా ముందుకు గ్లాసుడు గంజి వచ్చింది.

"నొప్పి తగ్గింది హేమా."

"పైకి తగ్గినట్ల ఉంటాది. లోపల ఇంకా ఉండాది. తాగు."

మర్నాడూ గంజే. ఆ మర్నాడు ఎదురింటికి కూడా ఓళిగలు పోయాయి, నాకు గంజి వచ్చింది. నమూనాలు మాత్రం రాలేదు. ఓపిక పట్టలేక స్టూడియోకి ఫోను చేశాను.

"పంపినాం కదా సార్. మీరు మార్పులు కూడా చెప్పినారు" అంది హరిత.

"నేనేం చెప్పినాను?"

"మీసం సగం తగ్గించమన్నారు. పొట్ట కనపడకుండా భుజాల కాడికి కోయమన్నారు. రేపు వచ్చి చూస్తామన్నారు."

నా మీసం జోలికి వచ్చే మనిషి ఈ భూమ్మీద ఒక్కతే ఉంది.

ఆమె పోకముందే పని ఆపించేద్దామని మర్నాడు మొదటి బస్సుకే బయల్దేరాను. "పన్ను పీకించుకోను పోతాండా" అన్నాను. "ధైర్యంగా ఉండు" అంది హేమావతి.

బస్సు ఊరూరా ఆగుతూ పోయింది. హేమావతి కారు మాట్లాడుకుంది. నేను స్టూడియో తలుపు తీసేసరికి హేమావతి కంప్యూటరు ముందు ఉంది. శెనక్కాయల మూటలో, గుత్తి నుంచి వచ్చిన మా అత్త దిగబడి ఉంది.

"ఏమప్పా, పండ్లు పీకేది ఈడనేనా?" అంది అత్త. "ముందు నన్ను పైకి పీకు."

నేనొక చెయ్యి, హరిత ఒక చెయ్యి పట్టి లేపాము. తర్వాత తలొంచుకుని పెళ్లిలో మైకు సంగతి చెప్పాను.

హేమావతి నవ్వలేదు. "ఇన్నేండ్లు మా యమ్మ పేరు కింద కూసోని ఒక్క మాట అనలేదే. నోరు తెరిచి అడిగింటే నేనే మార్పించనా? ఏం మనిషివయ్యా" అంది. మూడు రోజులు గంజి తాగిన బాధ అక్కడికక్కడే పోయింది.

"నా పేరు తీసేస్తే నాకు పీడ పోతాది" అంది అత్త. "రంగు పోయిన చీరలు పట్టుకోని జనం గుత్తి దాకా వస్తాండారు."

హరిత కంప్యూటరు నా వైపు తిప్పింది. పెద్ద అక్షరాల్లో 'వేణుగోపాల్ సిల్క్స్'. పక్కన నేను, పొదుపైన మీసంతో. కింద ఇంకో వరుస: 'చీరలు హేమావతి చూపిస్తారు. రంగు పోయినా, జరీ నల్లబడినా వేణుగోపాల్‌ను అడగండి.' దాని పక్కన నా సొంత ఫోను నంబరు.

"ఈ కింది వరుస ఎవరు చెప్పినారు?"

"అది మా యమ్మ. మీసం నేను" అంది హేమావతి.

బోర్డు తగిలించిన రోజు ఒకామె లోపలికి వచ్చి, "వేణుగోపాల్ అంటే ఎవరప్పా?" అంది. ఆ మాట కోసం ఎన్నేళ్లు ఎదురుచూశానో. లేచి నిలబడి, చొక్కా సర్దుకుని, "నేనేనక్కా" అన్నాను.

"ఉతికితే ఎరుపంతా తెలుపులోకి దిగింది" అంటూ ఆమె సంచిలోంచి చీర తీసి నా ముందు పడేసింది. ఆమె వెనకాల మరో ఇద్దరు సంచులతో మెట్లెక్కుతున్నారు.

హేమావతి వైపు చూశాను. కుర్చీ వెనక్కి జరుపుకుని, ఫ్యాను కింద, టీ తాగుతోంది. అంగట్లో ఆమె టీ ఎప్పుడూ ఎవరికో చీర చూపించేలోపు, ఎవరి చీర గోడో వినేలోపు చల్లారిపోయేది. ఈ రోజు ఊదుకుంటూ తాగుతోంది.

"కూర్చో అక్కా" అన్నాను ఆ ఎర్రచీర ఆమెతో. "నిదానంగా చెప్పు, వింటా."