లాన్‌కి అంచు వేసిన పూట

ఆదివారం ఆసుపత్రికి సెలవు. పిల్లలిద్దరూ ఈత నేర్చుకోవడానికి వెళ్ళారు. టిఫిన్ వేళకల్లా లాన్‌కీ పూలమడికీ మధ్య ప్లాస్టిక్ అంచు పట్టీ పాతేసి, ఆపైన కాలు మీద కాలేసుకుని పేపరు చదువుకోవాలని కంటి డాక్టరు అనుకున్నాడు. పెద్ద పనేం కాదు. జానెడు లోతు కాలువ తవ్వడం, పట్టీని అందులో నిలబెట్టడం, మేకులు కొట్టి మట్టి కప్పడం. పట్టీ అమ్మిన కొట్టువాడు ఇంతేనని నవ్వుతూ చెప్పాడు కూడా.

ఆ చిన్న పని జరక్కే ఇంట్లో పెద్ద యుద్ధమే నడుస్తోంది. లాన్ డాక్టరుది, పూలమడి భార్యది. అతని గడ్డి ఆమె గులాబీల మీదికి పాకేది. ఆమె లిల్లీలు అతని గడ్డిలోకి వచ్చి పిలకలు వేసేవి.

కాలువ తవ్వేసి, పట్టీ చుట్టకున్న తాడు కోశాడో లేదో, అది పడగ విప్పిన పాములా లేచి డాక్టరు కళ్ళజోడు ఎగరగొట్టింది. కళ్ళజోడు ఎక్కడో గులాబీ పొదల్లో పడింది.

"ముందు కళ్ళజోడు వెతకండి," అంది భార్య.

"మేకులు కొట్టడానికి కళ్ళజోడెందుకు? నువ్వా కొస గట్టిగా పట్టుకో. ఇవాళ పంచేసుకోవాల్సిందే. రోజూ ఈ గొడవ నేను పడలేను."

"నాకు మాత్రం సరదానా? ఇన్నాళ్ళూ ఓర్చుకున్నాను. ఇక అటు మీరు, ఇటు నేను!"

ప్రహరీ అవతల కుర్చీలో కూర్చున్న పక్కింటి పెద్దాయన ఉలిక్కిపడ్డారు. ఆయన ఉద్యోగం చేసినంత కాలం కోర్టులో విడాకుల కేసుల గుమస్తా. మొగుడూ పెళ్ళాం కాస్త గొంతు పెంచితే చాలు, ఆయనకి కట్ట కట్టిన ఫైళ్ళు కళ్ళముందు కదులుతాయి. గోడ మీంచి తొంగి చూశారు.

"ఏం బాబూ, తేల్చేసుకుంటున్నారా?"

"ఔనండీ. ఇద్దరం అనుకునే చేస్తున్నాం," అన్నాడు డాక్టరు, సుత్తి ఆపకుండా.

"మరి పిల్లలో?"

సుత్తి చప్పుడులో డాక్టరుకి అది 'పిలకలో' అని వినిపించింది.

"బలంగా ఉన్నవి ఆవిడ ఉంచుకుంటుందండీ. మిగిలినవి నేను గోడవతల పారేస్తాను."

పెద్దాయన గబగబా లోపలికెళ్ళి, అవసరానికి ఉంటుందని ఎప్పుడో రాసుకున్న నంబరుకి, అంటే డాక్టరు మామగారికి, ఫోను చేశారు.

మామగారు డ్రైవింగ్ స్కూలు నడుపుతారు. ఆ రోజు మాత్రం నేర్పిందేదీ పాటించకుండా కారు తోలి, అత్తగారితో సహా గేటు ముందు దిగారు. సరిగ్గా అప్పుడే డాక్టరు, మసక చూపుతో, మేకు నేరుగా నీళ్ళ పైపులోకి దింపాడు. నీళ్ళు ఎగజిమ్మాయి. భార్య పరుగున వెళ్ళి వాల్వు కట్టేసి, ముఖం తుడుచుకుంటూ వచ్చింది.

తడిసిన ముఖంతో కూతురు. సుత్తితో అల్లుడు. మధ్యలో గొయ్యి.

"సుత్తి కింద పడెయ్!" అని గర్జించారు మామగారు.

"అయ్యో, గొయ్యి కూడా తవ్వేశాడండీ!" అత్తగారు గేటు పట్టుకుని కూలబడ్డారు.

"మావయ్యగారూ, అది లాన్‌కి..."

"ఏ లాను? పిల్లల్ని గోడవతల పారేస్తానంటావా?"

"పిలకలు నాన్నా! లిల్లీ పిలకలు!" అని అరిచింది కూతురు.

విషయం అర్థమయ్యేసరికి అందరికీ కాఫీ అవసరమైంది. కాఫీ తాగుతూ మామగారు కాలువ వైపు చూశారు. "ఇలాగేనా వేసేది? అంచంటే గీత గీసినట్టుండాలి," అంటూ చొక్కా చేతులు మడిచారు.

"తిన్నగా ఉంటే రోడ్డులా ఉంటుంది. వంపు తిరిగితేనే తోటకి అందం," అన్నారు అత్తగారు.

"నీకేం తెలుసు?"

"పెళ్ళైనప్పట్నుంచీ ఈ మాటే! వంటింట్లో అలమర మీ ఇష్టం, కిటికీ రంగు మీ ఇష్టం. వంపు కూడా మీరే చెప్పాలా?"

"నువ్వు చెప్పినట్టు కట్టిన మెట్ల మీద నేనింకా పక్కకి తిరిగి ఎక్కుతున్నాను!"

పట్టీ ఒక కొస ఆయన లాగారు, ఇంకో కొస ఆవిడ లాగారు. మధ్యలోకి వెళ్ళిన డాక్టరుని ఇద్దరూ ఒక్క గొంతుతో "నువ్వుండు బాబూ!" అన్నారు. వాళ్ళు ఏకీభవించింది ఆ ఒక్క మాట మీదే. చివరికి అత్తగారు లోపలికెళ్ళి తలుపేసుకున్నారు. మామగారు కారెక్కి అద్దాలు దించుకుని కూర్చున్నారు. గుమ్మంలో మిగిలిన డాక్టరూ భార్యా ఒకరినొకరు చూసుకుని, నవ్వు ఆపుకోలేక పూలకుండీ వెనక్కి నక్కారు.

అప్పుడే పెద్దాయన గేటు తీసుకుని వచ్చారు. చేతిలో చిన్న చీటీ. "మంచి వకీలు బాబూ. ఇరుపక్షాలకీ అన్యాయం జరగనివ్వడు," అన్నారు జాలిగా.

"మాకొద్దండీ. మేం బాగానే ఉన్నాం," అన్నాడు డాక్టరు.

కారు కిటికీలోంచి ఒక చెయ్యి బయటికొచ్చింది.

"ఇలా ఇవ్వండి."

తన అంచనా ఏదో ఒక జంట విషయంలో నిజమైనందుకు పెద్దాయన ఆ పూట తృప్తిగా భోంచేశారు.