వేలిముద్ర పడని హస్తవాసి

ఒకేషనల్ నర్సుల జ్ఞానం మూడేళ్ళకోసారి పాచిపోతుందని నర్సింగ్ మండలి ఎంతో శ్రమించి కనిపెట్టింది. కాబట్టి లైసెన్సు గడువు తీరేలోగా ప్రతి నర్సూ ముప్పై గంటలపాటు ఏదో ఒకటి నేర్చుకుని తీరాలని ఉత్తర్వు వెలువడింది. ఏం నేర్చుకున్నారన్నది మండలికి అనవసరం. గంటలు నిండాయా లేదా అన్నదే దాని బెంగ.

కట్ల గదిలో ఇరవై రెండేళ్ళుగా పనిచేస్తున్న ఒక నర్సు ఇరవై నాలుగు గంటలు నేర్చేసుకుని, మిగిలిన ఆరింటి కోసం మండలి సమావేశ మందిరానికి వెళ్ళింది. ఆస్పత్రిలో చిన్నాపెద్దా అందరూ ఆమెను పెద్దక్క అంటారు. హస్తవాసి మంచిదని పేరు. ఎలాంటి పుండైనా ఆమె చెయ్యి పడితే మానుతుందని రోగుల నమ్మకం. అందులో తన గొప్పేం లేదని, చేతులు శుభ్రంగా కడుక్కుంటానంతేనని ఆమె అంటుంది.

ఆ రోజు పాఠం పేరు ‘చేతులు కడుక్కొనుట: ఆధునిక దృక్పథం’. మందిరంలో కుళాయి లేదు. వరండాలో కుళాయి ఉంది గానీ నీళ్ళు లేవు. మండలి అధ్యక్షులవారు ప్రారంభోపన్యాసం చేస్తూ, “చేతులే నర్సుకు ఆభరణాలు. అవి ఎంత తడిస్తే సమాజం అంత ఆరోగ్యంగా ఉంటుంది” అని సెలవిచ్చారు. తర్వాత నూటయాభై మందితో కరచాలనం చేసి, అదే చేత్తో అందరికీ బిస్కెట్లు పంచారు. ఆరు గంటలూ తెరమీద బొమ్మలు చేతులు కడుక్కుంటూనే ఉన్నాయి. పెద్దక్క కునుకు తీయకుండా విన్నది.

చిక్కంతా సాయంత్రం హాజరు దగ్గర వచ్చింది. ఒకరి బదులు ఒకరొచ్చి పాఠాలు వినేస్తున్నారన్న అనుమానంతో మండలి వేలిముద్రల యంత్రం తెప్పించింది. పెద్దక్క బొటనవేలు పెట్టగానే అది ఎర్రదీపం వెలిగించి ‘వ్యక్తి లేరు’ అన్నది. తుడిచి పెట్టింది, నొక్కి పెట్టింది, మిగిలిన తొమ్మిదీ పెట్టింది. యంత్రం మాట మార్చలేదు. సబ్బుతో, మందునీళ్ళతో రోజుకు అరవైసార్లు కడిగిన చేతులు. గీతలు ఎప్పుడో అరిగిపోయాయి.

ఆమె వెనక నిలబడ్డ నర్సు తొమ్మిదేళ్ళుగా రికార్డుల గదిలో ఫైళ్ళకు దారాలు కడుతోంది. రోగిని ముట్టుకుని ఎన్నాళ్ళయిందో ఆమెకే గుర్తులేదు. ఆమె వేలు తాకగానే యంత్రం పచ్చదీపం వెలిగించింది. ఇంత చక్కని ముద్ర మండలి చరిత్రలోనే పడలేదని, చేతుల పరిశుభ్రతలో ఉత్తమ అభ్యర్థినిగా ఆమెకు పత్రం ఇచ్చారు.

రిజిస్ట్రారు దయగల మనిషి. పెద్దక్క గోడు ఓపికగా విని, నిబంధనల పుస్తకం అటూ ఇటూ తిరగేసి, దారి చూపించాడు.

“మీ లైసెన్సు గడువు తీరే నెలాఖరుకి ఇంకా మూడు వారాలుందమ్మా. అందాకా చేతులు కడుక్కోకండి. గీతలు వాటంతటవే వస్తాయి. అప్పుడొచ్చి ఈ పాఠం మళ్ళీ వినండి.”

“చేతులు కడుక్కోకుండా కట్లెలా కట్టనండీ?”

“కట్టమని మండలి ఎక్కడా అనలేదు కదమ్మా. సెలవు పెట్టుకోండి.”

లైసెన్సు పోతే ఆస్పత్రి ఆమెను వెళ్ళగొట్టదు. నర్సు అన్న మాట తీసేసి ఆయాల జాబితాలో అందరికంటే కింద రాస్తుంది. హాయిగా సెలవు పెట్టమని ఇంట్లో భర్త ధైర్యం చెప్పాడు. గిన్నెలు తోమినా గీతలు రావట అని ఆమె అనగానే, నిబంధనలను మరోసారి పరిశీలించవలసి ఉందని ఆయన అభిప్రాయపడ్డాడు.

అయినా ఆమె సెలవుచీటీ రాసింది. అది చేత్తో పట్టుకుని కట్ల గదికి వెళ్ళేసరికి రిటైరైన హెడ్మాస్టరొకాయన బల్లమీద కాలు చాపుకుని ఉన్నాడు. షుగరు పుండు. మూడు వారాల్లో దారికి రాకపోతే పాదం తీసెయ్యాల్సిందేనని డాక్టరు అప్పుడే చెప్పి వెళ్ళాడు. ముసలాయన ఆమె చెయ్యి పట్టుకుని వదల్లేదు. పెద్దక్క చీటీ చింపి డబ్బాలో పడేసింది. తనమీద తనకే ఒళ్ళు మండింది. మండుతూనే వెళ్ళి చేతులు కడుక్కుంది.

మూడు వారాలు పూటపూటా ఆ పుండు కడిగి దారికి తెచ్చింది. నెలాఖరున మండలికి వెళ్ళి, పాఠం మళ్ళీ విని, వేలు పెట్టింది. వ్యక్తి లేరు. మర్నాడు లైసెన్సు రద్దయింది.

ఆస్పత్రి నిబంధన తప్పలేదు. కట్ల గదికి లైసెన్సు గల నర్సుగా రికార్డుల గది నర్సును నియమించింది. పుండు చూస్తే ఆవిడకు కళ్ళు తిరుగుతాయి కాబట్టి, గుమ్మం దగ్గర కుర్చీ వేసుకుని సంతకాలు పెట్టేది. లోపల పెద్దక్క ఆయా హోదాలో కట్లు కట్టేది. ఒకరి పనికి ఇద్దరిని వినియోగించి సేవలను రెట్టింపు చేశామని సూపరింటెండెంటు పైకి నివేదిక పంపాడు.

ఇంకో పది రోజులకు పాదం నిలిచింది. హెడ్మాస్టరు కట్టు మీదే చెప్పు తొడుక్కుని, కర్ర లేకుండా, ఎవరి చెయ్యీ పట్టుకోకుండా రెండంతస్తుల మెట్లెక్కి మండలి కార్యాలయానికి వెళ్ళాడు. లైసెన్సు లేని మనిషి చేత తనకు పది రోజులు కట్లు కట్టించారని, అలాంటివాళ్ళను ఆస్పత్రి గడప తొక్కనివ్వకూడదని, ఒక్క తప్పు లేకుండా నాలుగు పేజీల ఫిర్యాదు రాసి ఇచ్చాడు. మండలి ఆయన పౌర బాధ్యతను అభినందించి విచారణకు ఆదేశించింది.

అక్కణ్ణించి తిన్నగా కట్ల గదికే వచ్చాడు. కబురు అప్పటికే వచ్చేసింది. పెద్దక్క గోడవైపు తిరిగి నిలబడింది. రికార్డుల గది నర్సు కుర్చీలోంచి లేవబోతే ముసలాయన చెయ్యెత్తి ఆపి, బల్లమీద కాలు చాపాడు.

“నీమీద నాకు కోపమేం లేదమ్మా. రూలంటే రూలే కదా. ఈ చివరి కట్టు మాత్రం నువ్వే విప్పు. లైసెన్సున్నవాళ్ళంటే నాకు భయం.”