పరువు పోతే లాభం

మీ పరువు పోయిందా? అభినందనలు! పరువు పోవడమంత లాభసాటి వ్యాపారం ఈ లోకంలో మరొకటి లేదని, కుర్చీల కంపెనీలో లెక్కలు రాసే మనిషిగా నేను ఘంటాపథంగా చెప్పగలను.

మా కుర్చీలు మీకు తెలిసే ఉంటాయి. మీకు తెలియకపోయినా మీ నడుముకి తెలుస్తుంది. ఆమధ్య ఒక వియ్యంకుడు గారు మా కుర్చీలో హుందాగా కూర్చుని, అంతే హుందాగా నేలకు చేరారు. ఆ వీడియో చూడని ఫోను లేదు. ఆయన్ని నలుగురు పట్టి లేపారు. మా అమ్మకాలను లేపడానికి మాత్రం ఎవరూ రాలేదు!

కంపెనీ అంతకుముందే బాండ్లు అమ్మి జనం దగ్గర అప్పు తెచ్చింది. ఆ అప్పు ఇక తీరదన్న భయంతో, వందకు కొన్న బాండును వాళ్లు అరవైకే వదిలించుకోసాగారు. మా యజమాని తల పట్టుకుని కూర్చున్నాడు. నిలబడే పట్టుకునేవాడేమో గానీ, ఆయన కుర్చీ బయట కొన్నది.

సరిగ్గా అప్పుడే ఆడిటరమ్మ వచ్చింది.

"ఈ అప్పును మార్కెట్ విలువకే చూపిస్తామని మొదట్లోనే రాసిచ్చారు కదండీ. ఇప్పుడు మిమ్మల్ని ఎవరూ నమ్మడం లేదు, బాండు అరవైకి పడింది. పుస్తకాల్లో మీ అప్పు కూడా అరవైయే."

"మరి మిగతా నలభై?"

"లాభం."

"అంటే కట్టక్కర్లేదా?"

"వందా కట్టాలండీ! లాభం ఉట్టి లెక్కకే. అదీ మామూలు లాభంలో కలపకూడదు, విడిగా చూపించాలి."

లాభం అన్న మాట తర్వాత ఏ మాటా వినే అలవాటు మా యజమానికి లేదు. "కుర్చీలు ఇంకా విరిగితే?" అన్నాడు ఆశగా.

"ఇంకా లాభమే" అంది ఆవిడ, నోరు జారానన్న మొహంతో.

మర్నాటి నుంచి కుర్చీకి మేకులు సగం తగ్గాయి.

ఇంత గొప్ప సూత్రం ఇంటికి పనికిరాదా? నేరుగా కిరాణా కొట్టుకు వెళ్లాను. "అన్నా, నా పరపతి పడిపోయింది. మా ఆవిడే నన్ను నమ్మడం లేదు. నా బాకీ సగానికి రాసుకో."

"అంతలా పడిపోయావని తెలీదు తమ్ముడూ. చెప్పి మంచి పని చేశావ్" అని నా చేతిలోని సబ్బు లాక్కున్నాడు. చదువు లేని లోకం!

ఇక గత్యంతరం లేక, నిలిచిపోయిన జీతం అడగడానికి యజమాని గదికి వెళ్లాను.

"అది కూడా కంపెనీ అప్పేగా?" అన్నాడాయన ఆలోచనలో పడి. "నిజం చెప్పు. ఇస్తామని నీకు నమ్మకముందా?"

"లేదు సార్."

"పోనీ, దాన్ని ఇంకెవరైనా కొంటారా?"

"ఎవడు కొంటాడు సార్!"

ఆయన లేచి నా చేయి పట్టుకుని ఊపాడు. "అయితే దాని విలువ సున్నా! లాభం కింద రాసెయ్."

రాశాను. పాఠకులారా, మా కంపెనీకి లాభం వచ్చిందని రేపు పేపర్లో చదివితే గట్టిగా చప్పట్లు కొట్టండి. అందులో నా జీతం మొత్తం ఉంది.